మోకాలి మీద బుడగ, భుజంలో పోటు: బర్సాల గురించి నాలుగు మాటలు

అందరికీ నమస్కారం అండి. మగ్గం ఆపుకుని వచ్చిన పెద్దవాళ్ళకి, టైల్స్ పని మధ్యలో వదిలేసి వచ్చిన తమ్ముళ్ళకి, మిషన్ కుట్టే అక్కలకి, అందరికీ. నేను ఫిజియోథెరపిస్ట్‌ని, రోజూ కీళ్ళ నొప్పులతోనే నా పని. కీళ్ళ నొప్పి అనగానే మన దగ్గర అందరిదీ ఒకటే మాట, గుజ్జు అరిగిపోయింది అని. మోకాలు నొప్పెడితే గుజ్జు, భుజం పైకి లేవకపోతే గుజ్జు, మడమ నొప్పెట్టినా గుజ్జే. కానీ గుజ్జుకి ఏ సంబంధం లేకుండా, కీలు లోపల కాకుండా దాని పక్కన ఉండే ఒక చిన్న సంచి వల్ల కూడా బోలెడు నొప్పులు వస్తాయి. దాని పేరు బర్సా. ఆ సంచి జబ్బు కాదండి, మన కోసం పని చేస్తున్న భాగం. అది వాచిందంటే అక్కడ ఒత్తిడో రాపిడో ఎక్కువైందని అర్థం, కొన్నిసార్లు చీము చేరిందని అర్థం. ఏ సంచి వాచిందో తెలిస్తే ఎందుకు వాచిందో చాలావరకు తెలిసిపోతుంది, ఇవాళ నేను చెప్పేదంతా అదే.

ముందు అది ఎలా ఉంటుందో చూద్దాం. మీ చేతికి ఇచ్చిన ఖాళీ పాల ప్యాకెట్ ఉంది కదా, అందులో రెండు చుక్కల నూనె వేసి మూతి అంటించాం. దాన్ని రెండు అరచేతుల మధ్య పెట్టి రుద్దండి. చూశారా, ప్యాకెట్ బయటి వైపు మీ చేతికి అతుక్కునే ఉంది, లోపల ఒక పొర మీద ఇంకో పొర జారుతోంది, మీ అరచెయ్యి మాత్రం ఒరుసుకుపోవట్లేదు. బర్సా చేసేది కరెక్ట్‌గా ఇదే. పల్చటి సంచి, లోపల గోడకి సైనోవియల్ పొర అని ఉంటుంది, ఆ పొరే కొంచెం జిగురు ద్రవం తయారు చేస్తుంది, అందులో హైలురోనిక్ యాసిడ్ ఉంటుంది కాబట్టి జారుడుగా ఉంటుంది. మామూలుగా అయితే ఆ ద్రవం ఒక తడి పొర అంతే, సంచి చదునుగా అణిగిపోయి ఉంటుంది, చేత్తో తడిమినా దొరకదు. ఎముక మీద చర్మం కదిలే చోట, ఎముక మీద టెండన్ కదిలే చోట (టెండన్ అంటే కండరం చివర ఎముకకి అతుక్కునే గట్టి భాగం, మనవాళ్ళు దాన్నే నరం అంటారు, నిజానికి నరం వేరు) అలాంటి చోట్ల ఇవి ఉంటాయి. ఒళ్ళంతా కలిపితే సుమారు 150 దాకా ఉంటాయని చెప్తారు, మనిషిని బట్టి కొంచెం అటూ ఇటూ. ఎడిన్‌బరోలో అనాటమీ ప్రొఫెసర్ అలెగ్జాండర్ మన్రో 1788 లోనే వీటి మీద ఒక పుస్తకమే వేశాడు, అంటే డాక్టర్లకి ఇదేం కొత్త సంగతి కాదు, మన దాకా రాలేదంతే.

ఇంకో విషయం నాకు చాలా ఇష్టం, చెప్పకుండా ఉండలేను. ఈ సంచులు అన్నీ పుట్టుకతోనే రావు, కొన్ని తర్వాత ఏర్పడతాయి. మోచేతి వెనక ఉండే బర్సా పసిపిల్లలకి ఉండదు, పెరిగేకొద్దీ ఏర్పడుతుంది. అంతేకాదు, పెద్దయ్యాక కూడా ఎక్కడైనా ఎముక మీద చర్మం ఏళ్ళ తరబడి ఒరుసుకుంటుంటే అక్కడ శరీరం కొత్త బర్సా కట్టుకుంటుంది. నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చుని కుట్టే టైలర్లకి చీలమండ బయటి ఎముక మీద మెత్తటి బుడిపె వస్తుంది, బొటనవేలు వంకర తిరిగినవాళ్ళకి ఆ ఎముక చెప్పుకి ఒరుసుకునే చోట వస్తుంది. అవసరం ఉన్న చోట ఒళ్ళే సంచి తయారు చేసుకుంటుంది.

సరే భుజం దగ్గరికి వద్దాం, ఎందుకంటే ఒంట్లో అన్నిటికన్నా పెద్ద బర్సా అక్కడే ఉంది. భుజం పైన చేత్తో నొక్కితే గట్టిగా ఒక ఎముక చూరు తగులుతుంది, దాన్ని అక్రోమియన్ అంటారు. దాని కింద నుంచి చెయ్యి లేపే టెండన్ వెళ్తుంది, ఆ రెండిటికీ మధ్య ఇరుకు సందులో ఈ బర్సా ఉంటుంది. చెయ్యి పక్కకి లేపినప్పుడు ఆ సందు ఇంకా ఇరుకవుతుంది, అందుకే బర్సా వాచినవాళ్ళకి చెయ్యి కొంచెం లేపితే ఏం ఉండదు, సుమారు 60 డిగ్రీల నుంచి 120 డిగ్రీల మధ్య ప్రాణం పోయినట్టు ఉంటుంది, అది దాటి పైకి వెళ్తే మళ్ళీ తగ్గుతుంది. రాత్రి ఆ వైపు తిరిగి పడుకోలేరు. నొప్పి భుజం మీద కన్నా జబ్బ మీద, ఇంజక్షన్ వేసే చోట తెలుస్తుంది. దీన్ని షుగర్ వాళ్ళకి ఎక్కువగా వచ్చే ఫ్రోజెన్ షోల్డర్‌తో కలిపేస్తారు. తేడా ఏంటంటే ఫ్రోజెన్ షోల్డర్‌లో మీరు లేపినా లేవదు, పక్కవాళ్ళు పట్టుకుని లేపినా లేవదు, మోచెయ్యి నడుముకి ఆనించి అరచెయ్యి బయటికి తిప్పమంటే తిరగదు. బర్సా వాపులో నొప్పి ఉన్నా పక్కవాళ్ళు మెల్లిగా లేపితే చాలావరకు లేస్తుంది. భుజంలో బర్సా ఒక్కటే విడిగా వాచడం తక్కువండి, కింద టెండన్ కూడా దెబ్బతిని ఉంటుంది చాలాసార్లు, అందుకే ఇంజక్షన్ వేయించుకుని వదిలేస్తే నొప్పి మళ్ళీ వస్తుంది, భుజం వెనక కండరాలకి ఎక్సర్‌సైజ్ చెయ్యాల్సిందే.

ఇప్పుడు మగ్గం వాళ్ళ కోసం. దయచేసి ఒకసారి అందరూ లేచి నిలబడండి. పిరుదు కింది భాగంలో చేత్తో నొక్కి చూడండి, కండ మందంగా ఉంది కదా. ఇప్పుడు కుర్చీలో కూర్చుని చెయ్యి కింద పెట్టుకోండి. గట్టిగా ఎముక తగిలిందా? నిలబడినప్పుడు ఆ ఎముకని కండరం కప్పి ఉంచుతుంది, కూర్చోగానే ఆ కండరం పైకి జారిపోతుంది. అప్పుడు మీ బరువుకీ ఎముకకీ మధ్య మిగిలేది చర్మం, కొంచెం కొవ్వు, ఒక బర్సా. గుంట మగ్గం మీద గట్టు అంచున పొద్దున్నుంచి సాయంత్రం దాకా కూర్చుని, రెండు కాళ్ళతో పావళ్ళు తొక్కుతుంటే ఆ ఎముక మీద బరువూ పడుతుంది, రాపిడీ పడుతుంది. ఇంగ్లండ్ డాక్టర్లు పాత రోజుల్లోనే ఈ నొప్పికి నేతగాళ్ళ పిరుదు అని పేరు పెట్టారు, అంటే అక్కడి మగ్గాల వాళ్ళూ ఇదే బాధ పడ్డారు. కూర్చుంటే సూదులు గుచ్చినట్టు ఉండి లేచి నిలబడితే తగ్గుతుంది. నొప్పి తొడ వెనక్కి కూడా లాగుతుంది కాబట్టి సయాటికా (నడుము దగ్గర నరం నొక్కుకుని కాల్లోకి లాగే నొప్పి) అనుకుని నడుముకి ఎమ్మారై తీయించుకునేవాళ్ళని చూశాను. తిమ్మిరి లేకుండా, వేలితో సరిగ్గా ఆ ఎముక మీద నొక్కితేనే పోటు వస్తుంటే ముందు ఈ సంచినే అనుమానించాలి. కింద మందపాటి ఫోమ్ వేసుకోండి, పాత చీర మడత సరిపోదు, అది అరగంటలో అణిగిపోతుంది. గంటకోసారి లేవండి, కూలి పోతుందని నాకు తెలుసు, కానీ నిలబడిన రెండు నిమిషాలు ఆ ఎముకకి బరువు తప్పుతుంది.

మోకాలి చుట్టూ చాలా బర్సాలు ఉన్నాయి, అన్నీ చెప్పను. టైల్స్ వేసేవాళ్ళకి, నేల తుడిచే ఆడవాళ్ళకి మోకాలి చిప్ప మీద, చర్మం కిందే ఉండేది వాస్తుంది. చిప్ప మీద మెత్తగా బుడగలా ఉబ్బితే అది బర్సా, కీలు లోపల కాదు. అదే చిప్పకి పైన, తొడ వైపు ఉబ్బితే వేరే కథ, అక్కడ ఉండే బర్సా కీలు లోపలి ఖాళీతో కలిసే ఉంటుంది, అంటే కీలు లోపల నీరు చేరి పైకి ఎక్కిందని అర్థం, లోపల ఏమైందో చూపించుకోవాలి. కొంచెం లావుగా ఉన్న ఆడవాళ్ళకి మోకాలు లోపలి వైపు, కీలుకి రెండు మూడు వేళ్ళ కింద నొప్పి, మెట్లెక్కితే ఎక్కువ, అది మూడు టెండన్ల కింద ఉండే ఇంకో బర్సా, గుజ్జు అరుగుదలతో కలిసి కూడా వస్తుంది.

మోకాలు వెనక గుంటలో వచ్చే బుడగ గురించి మాత్రం జాగ్రత్తగా వినండి. 1877 లో లండన్ సర్జన్ విలియం మోరంట్ బేకర్ దాని గురించి రాశాడు కాబట్టి బేకర్ సిస్ట్ అంటారు. పెద్దవాళ్ళలో అది సాధారణంగా కీలు లోపల గుజ్జు అరిగో, మెనిస్కస్ (మోకాలి ఎముకల మధ్య మెత్తలా ఉండే భాగం) చిరిగో నీరు ఊరి వెనక బర్సాలోకి నెట్టుకుపోవడం వల్ల వస్తుంది. బుడగ ఒక్కటి తీసేస్తే సరిపోదు, లోపలి కారణం చూడాలి. అది పగిలితే పిక్క ఉబ్బి, ఎర్రబడి నొప్పెడుతుంది, కాలి రక్తనాళంలో గడ్డ కట్టినా అచ్చం అలాగే ఉంటుంది, రెండిటికీ తేడా కంటితో చెప్పలేం. పిక్క సడన్‌గా వాస్తే పసుపు పట్టు వేసుకుని కూర్చోకండి, ఎవరితోనూ పిసికించుకోకండి, అదే రోజు వెళ్ళి డాప్లర్ స్కాన్, అంటే రక్తం పారుతుందో లేదో చూసే స్కాన్, చేయించుకోండి.

మోచేతి వెనక వాపు ఒకోసారి కోడిగుడ్డంత అవుతుంది, టేబుల్ మీద మోచెయ్యి ఆనించే ఆఫీసు వాళ్ళకీ, చదువుకునే పిల్లలకీ వస్తుంది, నొప్పి లేకపోతే భయం లేదు. మడమ వెనక వచ్చేది చాలావరకు బిగుతు షూ వల్లే, షూ మార్చండి.

అసలు భయపడాల్సింది చీము పట్టినప్పుడు. మోకాలి చిప్ప మీదా మోచేతి మీదా బర్సా చర్మానికి ఆనుకునే ఉంటుంది, సిమెంట్ తగిలి తగిలి చర్మం ఎండి పగులుతుంది, ఆ పగులు లోంచి చర్మం మీద ఉండే స్టాఫ్ అనే బాక్టీరియా లోపలికి పోతుంది. వాపు ఎర్రగా, పక్క చర్మం కన్నా వేడిగా ఉండి, జ్వరం వస్తే ఆ రోజే డాక్టర్‌కి చూపించండి, షుగర్ ఉంటే ఇంకా తొందరగా. అప్పుడు స్టెరిల్‌గా సూదితో నీరు తీసి టెస్ట్‌కి పంపిస్తారు, చీము ఉందా, లేక గౌట్ వల్ల యూరిక్ యాసిడ్ స్ఫటికాలు ఉన్నాయా అని, ఎందుకంటే గౌట్ కూడా అచ్చం ఇలాగే ఎర్రగా మండుతుంది. ఆ రిజల్ట్ రాకుండా వాచిన చోట స్టెరాయిడ్ ఇంజక్షన్ వేయించుకోకండి, చీము ఉంటే అది ఇంకా ముదురుతుంది. బ్లేడుతో గాట్లు పెట్టించుకోవడం, ఇంట్లో సూది కాల్చి గుచ్చుకోవడం అస్సలు వద్దు. మామూలు వాపుని చీము వాపుగా మార్చేది చాలాసార్లు ఆ సూదే. నేను ఇంత గట్టిగా చెప్తున్నానని కోపం తెచ్చుకోకండి, ఒక్క గాటుతో నెల రోజులు పని పోగొట్టుకున్న మేస్త్రీలు ఉన్నారు.

చీము లేని వాపు అయితే ఆ చోట ఒత్తిడి తియ్యండి, గుడ్డలో చుట్టిన ఐస్ పది పదిహేను నిమిషాలు పెట్టండి, క్రేప్ బ్యాండేజ్ మరీ బిగుతు కాకుండా కట్టండి, చాలావరకు కొన్ని వారాల్లో తగ్గుతుంది. నొప్పి బిళ్ళలు కిడ్నీ ప్రాబ్లం, అల్సర్ ఉన్నవాళ్ళు అడక్కుండా వేసుకోవద్దు. టైల్స్ తమ్ముళ్ళూ, మోకాలి ప్యాడ్లు కొనుక్కోండి, కాంట్రాక్టర్‌ని అడగండి, ఇవ్వకపోతే నలుగురు కలిసి అడగండి. ఏళ్ళ తరబడి తగ్గని వాపుకి ఆపరేషన్ చేసి బర్సా తీసేస్తారు, అది చాలా తక్కువ మందికే అవసరం పడుతుంది.

ఇంక మీరు అడగండి. మోకాలి మీద, మోచేతి మీద వాపు ఉన్నవాళ్ళు ఇటు పక్కకి వచ్చి కూర్చోండి, ఒక్కొక్కరిదీ నొక్కి చూసి చెప్తాను, జ్వరం ఉన్నవాళ్ళు ముందు రండి.