పెళ్లి, ఇల్లు, ఒక్క వారం: 'వన్ వీక్' రివ్యూ

నమస్తే అండీ! "ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు" అంటారు కదా మన పెద్దవాళ్లు. ఆ రెండూ ఒకే వారంలో నెత్తినేసుకున్న జంట కథే ఈరోజు మన సినిమా. 1920లో వచ్చిన 'వన్ వీక్'. బస్టర్ కీటన్, ఎడ్వర్డ్ క్లైన్ కలిసి తీసిన రెండు రీళ్ల అమెరికన్ మూకీ.

కొత్త దంపతులకు కానుకగా ఇల్లొస్తుంది, కాకపోతే పెట్టెల్లో! నంబర్ల వరసలో ముక్కలు బిగించుకోవాలి. ఆ అమ్మాయి కాదన్న కుర్రాడు కడుపుమంటతో పెట్టెల మీద నంబర్లు మార్చేస్తాడు. ఇంకేముంది, ఇల్లు అష్టవంకర్లు. పైగా గృహప్రవేశం నాడే గాలివాన! ఇల్లు గిర్రున తిరుగుతుంటే చుట్టాలు ఎగిరి బయటపడతారు. అది కెమెరా మాయ కాదండోయ్, నిజం ఇల్లే కట్టి తిప్పారు.

సరే, ఫీట్లు అందరూ మెచ్చుకునేవే. నాకు నచ్చింది పెళ్లికూతురుగా చేసిన సిబిల్ సీలీ. ఇందులో హీరోయిన్ చెట్టు కింద నిలబడి సిగ్గుపడదు. భర్తతో పాటు చెమటోడుస్తుంది, మధ్యలో తీరిక దొరికితే గోడ మీద రెండు హృదయాల బొమ్మ గీస్తుంది. స్నానాల తొట్టి సీన్ ఇంకా గమ్మత్తు. సబ్బు జారి కింద పడుతుంది. తీసుకోవాలంటే లేవాలి. ఆమె నేరుగా మన వైపు చూస్తుంది, ఎవరిదో చెయ్యి వచ్చి కెమెరా కళ్లు మూసేస్తుంది! 1920లో అండీ ఇది. ఆ కుర్రాడి పాత్ర మాత్రం మరీ పలచన. కుళ్లు తప్ప అతనికి ఇంకో పనే లేదు.

ఆన్‌లైన్‌లో ఉచితంగానే దొరుకుతుంది. ఒక్కో కాపీకి ఒక్కో సంగీతం ఉంటుంది కాబట్టి, గోల ఎక్కువైతే సౌండ్ తీసేసి చూడండి, పోయేదేం లేదు.

క్లైమాక్స్ చెప్పేస్తున్నా. వందేళ్లు దాటాక ఇంకా స్పాయిలర్ ఏంటండీ! తప్పు స్థలంలో కట్టారని తెలిసి ఇంటిని లాక్కెళ్తుంటే పట్టాల మీద ఇరుక్కుంటుంది. రైలొస్తుంది. ఇద్దరూ కళ్లు మూసుకుంటారు. అది పక్క పట్టా మీద నుంచి వెళ్లిపోతుంది. హమ్మయ్య అనుకునేలోపే ఎదురుగా ఇంకో రైలొచ్చి ఇంటిని తుక్కు చేస్తుంది. ఏడుపుల్లేవు, నువ్వంటే నువ్వని తిట్టుకోవడాల్లేవు. ఆ తుక్కు మీద 'అమ్మబడును' అని బోర్డు పెట్టి చెయ్యీ చెయ్యీ పట్టుకుని వెళ్లిపోతారు. అన్నట్టు, ఇల్లు బిగించే సూచనల కాగితం కూడా భర్త అక్కడే పెడతాడు, కొనేవాళ్లకి పనికొస్తుందని!