నిండు తొమ్మిది

శ్రోతలకు నమస్కారం.

తూర్పు ఆఫ్రికాలోని కెన్యా దేశంలో, భూమధ్యరేఖకు ఆనుకుని, నెత్తిన మంచు మోస్తున్న కొండ ఒకటి ఉంది. ఎత్తు 5,199 మీటర్లు. ఆ కొండ దిగువన ఉండే కికూయు జనం చెప్పుకునే కథ ఒకటి వినండి. న్‌గాయ్ అనే దేవుడు గికూయు అనే మనిషిని కొండ మీదికి తీసుకెళ్లి, కింద కనిపించే నేలంతా చూపించి, అదిగో ఆ చెట్ల గుంపు దగ్గర ఇల్లు కట్టుకో అన్నాడట. అక్కడికి దిగి వెళ్తే ముంబీ అనే ఆమె కనిపించింది. వాళ్లిద్దరికీ తొమ్మిదిమంది కూతుళ్లు. ఆ కూతుళ్ల పేర్లే కికూయుల వంశాలకు పేర్లయ్యాయి.

సరే, ఆ కూతుళ్ల పేర్లు చెప్పండి అని అడిగామనుకోండి. వంబూయి, వంగారి, వంగూయి, న్యంబూరా, వైరీము... ఇలా వరసగా చెబుతారు. మనం వేళ్లు మడుస్తూ వింటే పది తేలతాయి! అదేంటండీ, తొమ్మిది అన్నారుగా అంటే, అవును, 'నిండు తొమ్మిది' అంటారు. మనుషుల్ని, పశువుల్ని ఉన్నదున్నట్టు లెక్కపెడితే కీడు అని వాళ్ల పాత నమ్మకం. అందుకని పది అని నోటితో అనరు. తొమ్మిది నిండింది అంటారు.

నాకైతే ఇందులో వింత ఏమీ కనిపించలేదు. మన కళ్లాల్లో ధాన్యం కొలిచే మనిషి మొదటి కొలతకు ఒకటి అనడు, లాభం అంటాడు. లాభం, రెండు, మూడు అని సాగుతుంది లెక్క. నోటి నుంచి వచ్చే అంకెకు బలం ఉందని నమ్మినవాళ్లు మనలోనూ ఉన్నారు.

ఇలా లెక్కకు జంకే జనం దగ్గరికి, లెక్కలు రాసుకునే పుస్తకాలు పట్టుకుని మనుషులు వచ్చారు. ఈ రోజు నేను చెప్పబోయేది ఆ పుస్తకాల గురించి. కికూయుల మీద, వాళ్లకు తూర్పున పొరుగున ఉండే కాంబాల మీద ఎవరెవరు ఏమేం రాశారు, వాళ్లకు ఎవరు ఏం చెప్పారు అన్నది.

ముందు పేర్ల సంగతి. ఈ రెండు భాషలూ బంటూ కుటుంబానివి. ఆ భాషల్లో మాటకు ముందు చేరే అక్షరం మారితే అర్థం మారిపోతుంది. ఒక మనిషి అయితే ముకాంబా, జనమంతా కలిస్తే అకాంబా, వాళ్లు మాట్లాడేది కికాంబా, వాళ్ల నేల ఉకాంబాని. మచాకోస్, కిటూయి, మకువేని ప్రాంతాలు ఆ నేలలోవే. కికూయులు తమను అగికూయు అనుకుంటారు. కికూయు అన్నది పైవాళ్ల నోట స్థిరపడిన రూపం.

దేశం పేరుదీ ఇంతే. 1849లో లుడ్విగ్ క్రాఫ్ అనే జర్మన్ మిషనరీ, తీరంలోని మొంబాసా నుంచి కిటూయికి నడిచి వెళ్లాడు. అక్కడ కివోయి అనే కాంబా నాయకుడి దగ్గర బస చేశాడు. కాంబాలు ఆ రోజుల్లో గొప్ప వర్తకులు. ఏనుగు దంతాలు మోసుకుని సముద్రతీరం దాకా బిడారులు నడిపేవాళ్లు. ఆ డిసెంబర్ 3న క్రాఫ్‌కు దూరాన మంచు కొండ కనిపించింది. కికూయులు దాన్ని కిరిన్యాగా అంటారు. కాంబాల నోట అది కీన్యా. జర్మన్ చెవికి కెనియా అని వినిపించింది. అదే ఇవాళ దేశం పేరు. భూమధ్యరేఖ దగ్గర మంచేమిటి అని లండన్ పండితులు ఆయన మాట నమ్మలేదు, అది వేరే సంగతి.

తర్వాత వచ్చినవాళ్లలో మొదట చెప్పుకోవలసింది చార్లెస్ హాబ్లీ. చదివింది భూగర్భ శాస్త్రం. 1890లో వర్తక కంపెనీ ఉద్యోగిగా వచ్చి, ఆ తర్వాత బ్రిటిష్ ప్రభుత్వ అధికారి అయ్యాడు. 1910లో కాంబాల మీద, 1922లో కికూయు, కాంబా నమ్మకాల మీద పుస్తకాలు వేశాడు. పన్ను వేసే ప్రభుత్వపు మనిషే దేవుడి సంగతులూ అడుగుతుంటే, ఎదుటివాడు ఎంత చెబుతాడు, ఎంత దాచుకుంటాడు అన్నది మీరే ఊహించుకోవచ్చు. దాదాపు అదే కాలంలో మద్రాసు మ్యూజియం అధికారి ఎడ్గార్ థర్స్టన్ మన దక్షిణాది జనం ముక్కులు, తలలు కొలిచి, 1909లో ఏడు సంపుటాలు వేసిన సంగతి మీలో కొందరికి తెలిసే ఉంటుంది. ఆ తరం అధికారులకు అదో వరస.

అయినా హాబ్లీని తీసిపారేయలేం. కికూయుల 'తహు' గురించి ఆయన ఓపిగ్గా రాశాడు. ఆ మాటను ఇంగ్లిష్‌లో చెప్పడానికి ఆయన ఎంతో అవస్థపడ్డాడు. శాపమా, పాపమా, అశుచా అని. తెలుగువాళ్లకు అంత కష్టం లేదు. మనకు మైల అనే మాట ఉంది. పూర్తిగా అదే కాదు కానీ, బాగా దగ్గర. శవాన్ని ముట్టుకుంటే తహు. గుడిసెలో మనిషి పోతే ఆ గుడిసెకే తహు. అందుకే చావు దగ్గరపడిన మనిషిని బయటికి తీసుకెళ్లేవాళ్లు. పూడ్చడం పెద్దవాళ్లకే. మామూలు మనుషుల శవాలను పొదల్లో వదిలేసేవాళ్లు, హైనాలు తినేవి. ఇది విని తెల్లవాళ్లు ముక్కున వేలేసుకున్నారు. మైల పట్టిన మనిషి ఏం చేయాలి? ముండు ముగో అనే వైద్యుడు రావాలి. మేకనో గొర్రెనో కోసి, దాని పొట్టలోని అరగని మేతతో శుద్ధి చేయాలి. మైల పట్టిన మనిషి దాన్ని నోటితో అందుకుని, ఉమ్మేయాలి. లోపలున్న మైలను కక్కేయడం అన్నమాట. ఒక్కసారి ఆలోచించండి, మనసులోని భయాన్ని బయటికి కక్కించడానికి ఇంతకంటే సూటి పద్ధతి ఏముంటుంది?

కాంబాల విషయంలో నాకు హాబ్లీ కంటే గెర్హార్డ్ లిండ్‌బ్లోమ్ ఎక్కువ నచ్చుతాడు. స్వీడన్ వాడు. పన్నులతో, పోలీసులతో సంబంధం లేని మనిషి. 1911, 12 సంవత్సరాల్లో వాళ్ల మధ్య ఉండి, భాష నేర్చుకుని, పెద్ద పుస్తకం రాశాడు. ఆ తర్వాత వాళ్ల కథలు, పొడుపుకథలు విడిగా సంపుటాలుగా వేశాడు. తేనెటీగల కోసం చెట్లకు వేలాడదీసిన బోలు దుంగలు, విషం పూసిన బాణాలు, వాన కోసం చేసే పూజలు, 'కిథీటు' అనే వస్తువు మీద చేసే ప్రమాణం గురించి కాంబాల మీద వచ్చిన పుస్తకాల్లో చదువుతాం. కిథీటు మీద అబద్ధపు ప్రమాణం చేసినవాడు బతకడని గట్టి నమ్మకం.

మీరు నైరోబీ వెళితే కొయ్యతో చెక్కిన జిరాఫీలు, ఏనుగులు చూపించి, కాంబాల ప్రాచీన కళ అని అమ్ముతారు. కాంబాలకు చెక్కపని కొత్తేమీ కాదు. పీటలు, గరిటెలు ఎప్పటినుంచో చెక్కేవాళ్లు. కానీ ఈ జంతువుల బొమ్మల వ్యాపారం మొదటి ప్రపంచ యుద్ధం తర్వాతది. ముటిస్యా ముంగే అనే కాంబా మనిషి యుద్ధకాలంలో టాంగన్యికా, అంటే ఇప్పటి టాంజానియా వెళ్లి, అక్కడి పనివాళ్ల దగ్గర ఈ చెక్కుడు చూసి, తన ఊరు వమున్యుకు తెచ్చాడు. అంటే కాంబాల మీద రాసిన పుస్తకం కంటే ఈ 'ప్రాచీన కళ' వయసు చిన్నది!

ఇక లూయిస్ లీకీ. ఆదిమానవుల ఎముకలు తవ్వి తీసిన శాస్త్రవేత్తగా ఆయన పేరు మీరు విని ఉంటారు. 1903లో నైరోబీ పక్కన కబెటేలో మిషనరీ దంపతులకు పుట్టాడు. కికూయు పిల్లలతో ఆడుకుంటూ ఆ భాషలోనే పెరిగాడు. కికూయుల్లో ఒకే కాలంలో యుక్తవయసు సంస్కారం జరిగిన వాళ్లంతా ఒక జట్టు. దాన్ని 'రీకా' అంటారు. చచ్చేదాకా ఆ బంధం ఉంటుంది. లీకీని కూడా ఆ ఈడువాళ్లు తమ జట్టులో కలుపుకున్నారు. 1937లో ఆయన పెద్దమనుషుల్ని కూర్చోబెట్టి, రెండేళ్లపాటు వాళ్లు చెప్పిందంతా రాసుకున్నాడు. అది ఎంత లావు అయిందంటే, అచ్చు వేసేవాళ్లు తగ్గించమన్నారు. ఆయన తగ్గించనన్నాడు. అంతే, అటకెక్కింది.

సరిగ్గా అప్పుడే లండన్‌లో ఇంకొకాయన అదే పని మీద ఉన్నాడు. జోమో కెన్యాట్టా. లండన్ స్కూల్ ఆఫ్ ఎకనామిక్స్‌లో మలినోవ్‌స్కీ అనే మానవశాస్త్ర మహా పండితుడి శిష్యుడు. తన సొంత జనం గురించే రాసి, 1938లో 'ఫేసింగ్ మౌంట్ కెన్యా' పేరుతో అచ్చు వేశాడు. అప్పటిదాకా జాన్‌స్టన్ కెన్యాట్టాగా ఉన్నవాడు ఈ పుస్తకంతో జోమో అయ్యాడు. తోలు దుప్పటి కప్పుకుని, ఈటె మొనను వేలితో చూస్తున్న ఫొటో ఒకటి అందులో పెట్టించాడు. లండన్ వీధుల్లో సూటు వేసుకుని తిరిగే మనిషి! చదివేవాళ్లకు ఏం కావాలో ఆయనకు బాగా తెలుసు.

ఆ పుస్తకానికి ప్రాణం భూమి. ఆఫ్రికన్లకు సొంత ఆస్తి అంటూ లేదు, నేలంతా ఉమ్మడి అని సర్కారు వాదించేది. కాదు, ప్రతి కుటుంబానికీ 'గిథాకా' ఉంది, దానికి గట్లున్నాయి, సాక్షులున్నారు అని కెన్యాట్టా వివరంగా రాశాడు. సొంత నేల లేని వాణ్ణి ఉండనిచ్చి సాగు చేసుకోనిస్తారు. అలాంటివాణ్ణి 'ముహోయి' అంటారు. తెల్లవాళ్లనూ అలాగే రానిచ్చారు, వాళ్లేమో యజమానులై కూర్చున్నారు. అదీ ఆయన వాదన. పట్టా కాగితం లేని జనానికి ఆ పుస్తకమే ఒక పట్టా.

అయితే అన్నిటికీ ఆయనతో తల ఊపలేం. ఆడపిల్లలకు చేసే సున్తీని ఆయన గట్టిగా సమర్థించాడు. 1929లో మిషనరీలు దాన్ని మానమంటే పెద్ద గొడవే జరిగింది. అప్పటికది తెల్లవాడి పెత్తనం మీద తిరుగుబాటుగా మారింది, నిజమే. కానీ ఆ పిల్లల బాధ ఆ పుస్తకంలో వినపడదు. 2011లో కెన్యా పార్లమెంటే దాన్ని నిషేధిస్తూ చట్టం చేసింది.

మలినోవ్‌స్కీ సెమినార్లకు ఆ 1930లలోనే వచ్చిన ఇంకో యువకుడి పేరు తెలంగాణలో చాలామందికి తెలుసు. వియన్నా నుంచి వచ్చిన హైమెండార్ఫ్. 1940లో జోడేఘాట్‌లో కొమరం భీం చనిపోయాక, నిజాం ప్రభుత్వం గోండుల కష్టాలు తెలుసుకోమని పంపింది ఈయన్నే. ఆదిలాబాద్ అడవుల్లో మార్లవాయిలో గుడిసె వేసుకుని ఉన్నాడు. అక్కడా మొదటి ప్రశ్న భూమే.

కెన్యాట్టా పుస్తకం వచ్చిన 1938లోనే కాంబా నేల మీద ఇంకో లెక్క తేలింది. మచాకోస్‌లో పశువులు ఎక్కువైపోయి నేల కోసుకుపోతోందని సర్కారు తీర్మానించి, మందల్ని బలవంతంగా అమ్మించడం మొదలుపెట్టింది. ఆథీ నది దగ్గర అప్పుడే మాంసం ఫ్యాక్టరీ కూడా వచ్చింది. ఆవులంటే కాంబాలకు పెళ్లిలో ఇచ్చే ఓలి, కరువులో ప్రాణం. ముయిందీ ఎంబింగు అనే ఆయన వెనక వేలమంది, ఆడవాళ్లు, పిల్లలతో సహా, నైరోబీ దాకా అరవై కిలోమీటర్లు నడిచి వెళ్లి, గవర్నర్‌ను కలవాలని వారాల తరబడి అక్కడే ఉన్నారు. ఎంబింగును పట్టుకుని లామూ దీవికి పంపేశారు. కానీ బలవంతపు అమ్మకాలు ఆగాయి. ఇవాళ నైరోబీ నడిబొడ్డున ఒక వీధికి ఆయన పేరుంది.

చివరగా ఒక కోర్టు గదిలోకి వెళదాం. 1952. బ్రిటిష్ పాలన మీద కికూయులు లేవదీసిన మౌ మౌ తిరుగుబాటు సాగుతోంది. దానికి నాయకుడన్న ఆరోపణతో కెన్యాట్టాను కపెంగురియా అనే మారుమూల ఊళ్లో బోనెక్కించారు. ఆయన తరఫున వాదించే వకీళ్లలో మన నెహ్రూ పంపిన దివాన్ చమన్‌లాల్ కూడా ఉన్నారు. సాక్షులు కికూయు భాషలో చెబుతుంటే కోర్టుకు ఇంగ్లిష్‌లో చెప్పడానికి దుబాసీ కావాలి. ఎవరు వచ్చారనుకున్నారు? లూయిస్ లీకీ. కికూయుల గురించి పెద్ద పుస్తకాలు రాసినవాళ్లు ఇద్దరు. ఒకరు ముద్దాయి, ఒకరు దుబాసీ. లీకీ సర్కారు వైపు మనిషి, ఆయన అనువాదం మాకొద్దు అని కెన్యాట్టా వకీళ్లు అభ్యంతరం చెప్పారు. లీకీ తప్పుకున్నాడు. కెన్యాట్టాకు ఏడేళ్ల కఠిన శిక్ష పడింది.

1963లో కెన్యా స్వతంత్రమైంది. అటకెక్కిన లీకీ రాతప్రతి, ఆయన పోయిన ఐదేళ్లకు, 1977లో మూడు సంపుటాలుగా వెలుగు చూసింది. '1903కు ముందు దక్షిణ కికూయులు' అని దాని పేరు. అప్పటికి దేశాధ్యక్షుడి కుర్చీలో కెన్యాట్టాయే ఉన్నారు.

నమస్కారం.