ఉప్పల్ జట్టును అడిగేదెవరు?

అందరికీ నమస్తే. నల్లగొండల కూసొని ఉప్పల్ మ్యాచ్ మీద ఏం రాస్తమని అనుకోకండి. గ్రౌండ్ పాస్ లేనోళ్లకు మొహమాటం తక్కువ.

హైదరాబాద్ ఐపీఎల్ జట్టు మొదటి నుంచీ మీడియావాళ్ల చేతిలనే ఉన్నది. 2008ల డెక్కన్ చార్జర్స్‌ను కొన్నది పేపరు సంస్థ, డెక్కన్ క్రానికల్. 2012ల ఆ జట్టు రద్దయితే, ఏడాదికి 85.05 కోట్ల లెక్కన కొత్త జట్టును తీసుకున్నది సన్ టీవీ. అదే సన్‌రైజర్స్. మన ఇండ్లల్ల చూసే జెమిని కూడా వాళ్లదే. ఇగ కామెంటరీ సంగతి. 2023 నుంచి ఐదేండ్ల ప్రసార హక్కులు 48,390 కోట్లు పలికినయి. అంత పెట్టి కొన్న సరుకుల పుచ్చులు ఎవరు చూపిస్తరు? 2016 ఐపీఎల్ ముందర మన హైదరాబాదీ హర్షా భోగ్లేను కామెంటరీ నుంచి తప్పించిన్రు. ఎందుకో ఆయనకే చెప్పలే.

అందుకే బయటోళ్లు రాయాలె. ఎట్ల రాయాలె? 2024 మే 26న చెన్నైల కోల్‌కతాతోని సన్‌రైజర్స్ ఆడిన ఐపీఎల్ ఫైనల్ తీసుకోండి. "సన్‌రైజర్స్ చేతులెత్తేసింది" అని రాసి పంపితే పేపరు డెస్క్ వేసుకుంటది, యాజమాన్యానికి చీమ కుట్టినట్టు కూడా ఉండదు. స్కోర్‌కార్డు ముందల పెట్టుకొని 6 ఓవర్లు, 15 ఓవర్లు, చివరి 5 ఓవర్లు అని గీతలు గీయండి. టాస్ గెలిచి బ్యాటింగ్ అన్నది సన్‌రైజర్స్ కెప్టెన్ కమిన్స్. తొలి ఓవర్ల ఓపెనర్ అభిషేక్‌ను కోల్‌కతా బౌలర్ స్టార్క్ బౌల్డ్ చేసిండు. రెండో ఓవర్ల ఇంకో ఓపెనర్ ట్రావిస్ హెడ్ సున్నాకే పోయిండు. 18.3 ఓవర్లల్ల 113 ఆలౌట్. తొమ్మిదో నంబర్ల దిగిన కమిన్స్ చేసిన 24 పరుగులే అందరికంటే ఎక్కువ. ఇదే జట్టు ఏప్రిల్ 15న బెంగళూరుల 287 కొట్టింది. ఓపెనర్లిద్దరూ పోతే రెండో ప్లాన్ ఏదని అడగండి. దానికి కోచ్ జవాబు చెప్పాల్సిందే.

ఎక్కువమంది జారేది ఇంకోచోట. అదే ఏడాది మే 8న ఉప్పల్‌ల లక్నో 165 చేస్తే సన్‌రైజర్స్ 9.4 ఓవర్లల్లనే కొట్టేసింది. తర్వాత లక్నో ఓనర్ బౌండరీ దగ్గర కెప్టెన్ రాహుల్‌తోని చేతులూపుకుంట మాట్లాడిండు. టీవీల బొమ్మే తప్ప మాట లేదు. కనపడ్డది రాయండి, వినపడని మాట వాళ్ల నోట్ల పెట్టకండి. ఒకవేళ అంకె తప్పు పడ్డదా, మరునాడు అదే పేజీల సవరణ వేయాలె. అభిప్రాయం నచ్చలేదని ఫోనొస్తే మాత్రం వెనక్కి తగ్గొద్దు.

ప్రెస్‌మీట్‌ల కూసునే అవకాశమొస్తే, "ఎందుకు ఓడిన్రు?" అనొద్దు. "వాళ్లు బాగా ఆడిన్రు" అని లేచిపోతరు. ఓవర్ నంబరు, బౌలర్ పేరు పెట్టి ఒక్కటే ప్రశ్న అడగండి. మీడియా మేనేజర్ మైకు మళ్ల మీ దిక్కు రానియ్యడు.