స్మెల్టర్లు పెరుగుతున్నాయి, మరి రెడ్ మడ్ ఎక్కడికి?

యాంకర్: నమస్కారం. అల్యూమినియం ఉత్పత్తి పెంచాలని చాలా దేశాలు చూస్తున్నాయి. కొత్త ప్లాంటు పెట్టేవాళ్లు ముందు వెతికేది దాని ముడి ఖనిజమైన బాక్సైట్ గనులనేనా మేడమ్?

లోహశాస్త్ర అధ్యాపకురాలు: ముందు కరెంటు చూస్తారండీ. టన్ను లోహానికి దాదాపు రెండు టన్నుల అల్యూమినా, అంటే బాక్సైట్‌ని శుద్ధి చేస్తే వచ్చే పొడి, కావాలి. దాన్ని ఓడలో తెచ్చుకోవచ్చు. టన్నుకి 14,000 యూనిట్ల దాకా పట్టే విద్యుత్తుని తేలేం కదా! ఐస్‌లాండ్‌లో బాక్సైట్ లేదు, అల్యూమినాని లోహంగా మార్చే స్మెల్టర్లున్నాయి. గినియా బోలెడు బాక్సైట్ ఎగుమతి చేస్తుంది, అక్కడ స్మెల్టరే లేదు.

మాజీ పాట్‌లైన్ ఇంజినీర్: ఆ కరెంటు ఆగకూడదు కూడా. పాట్‌లో, అంటే లోహం తీసే తొట్టిలో, అల్యూమినాని కలుపుకునే కరిగిన క్రయోలైట్ లవణం వేడి 950 డిగ్రీల పైమాటే. కొన్ని గంటలు సరఫరా పోతే అంతా గడ్డకడుతుంది. ఇక పగలగొట్టి తవ్వి తీయాల్సిందే. నైట్ షిఫ్ట్‌లో వోల్టేజ్ కాస్త ఊగినా మాకు టెన్షనే. చైనాలోని యున్నాన్‌లో వానల్లేక జలాశయాలు తగ్గినప్పుడు స్మెల్టర్లకు కరెంటు కోత పెట్టారు.

యాంకర్: ప్రపంచ అల్యూమినియంలో సగానికి పైగా ఉత్పత్తి చైనాదే. ఇంకా పెంచుతుందా?

అధ్యాపకురాలు: ఏటా 4.5 కోట్ల టన్నుల దగ్గర వాళ్లే గీత గీసుకున్నారు. ఇప్పుడు దానికి దగ్గరగా వచ్చేశారు. అందుకే పెట్టుబడులు ఇండోనేషియా వైపు వెళ్తున్నాయి. ఆ దేశం 2023 జూన్‌లో ముడి బాక్సైట్ ఎగుమతి ఆపేసి, ఇక్కడే శుద్ధి చేయండి అంది.

పర్యావరణ పరిశోధకుడు: శుద్ధి ఎక్కడ జరిగితే మడ్డి అక్కడే మిగులుతుంది మేడమ్. నాకు బాధ కలిగించేది అదే. బాక్సైట్‌ని వేడి కాస్టిక్ సోడాలో కరిగించి అల్యూమినా తీశాక, టన్నుకి దాదాపు టన్ను, ఒక్కోసారి అంతకు మించి, రెడ్ మడ్ వస్తుంది. చర్మాన్ని కాల్చేంత క్షారం. 2010 అక్టోబర్ 4న హంగరీలోని అజ్కా దగ్గర గట్టు తెగి ఊళ్ల మీద పడింది. పది మంది చనిపోయారు.

యాంకర్: దీనికి మార్గమే లేదా?

ఇంజినీర్: ఉంది. ఫిల్టర్ ప్రెస్‌లో నీళ్లు పిండేసి పొడిగా పేర్చవచ్చు. ఖర్చు ఎక్కువ. అనుమతి ఇచ్చే రోజే షరతు పెట్టాలి.

యాంకర్: పాత లోహాన్నే కరిగించుకుంటే?

అధ్యాపకురాలు: అయిదు శాతం శక్తితో పనైపోతుంది, చాలా మంచిది. కానీ భవనాల్లోకి వెళ్లిన అల్యూమినియం దశాబ్దాలకు గానీ తుక్కుగా తిరిగి రాదు. ఈలోగా కొత్త లోహం తప్పదు.

పరిశోధకుడు: తప్పదంటే కట్టండి. రిఫైనరీ మూతపడ్డాక ఆ గుట్టను ఎవరు కాపలా కాస్తారు, ఆ డబ్బు ఏ ఖాతాలో ఉంటుంది? పునాది రాయి పడకముందే కాగితం మీద రాయించండి.