దాక్కున్న పాల్మాన్

శ్రోతలకు నమస్కారం. జపాను వారి బొమ్మల ధారావాహికలోని ఒకే ఒక్క భాగం గురించి రేడియోలో మాట్లాడబోతున్నానని చెప్పినప్పుడు మా ఇంట్లో అందరూ నవ్వారు. నవ్వినవారిలో, అదే భాగాన్ని కావలిలో నా పక్కన కూర్చుని చూసి చివరకు పమిటచెంగుతో కళ్ళొత్తుకున్న మా అక్క కూడా ఉన్నది కనుక, ఆ నవ్వును నేను పెద్దగా లెక్కచేయలేదు.

ఆ ధారావాహిక పేరు డిజిమాన్ అడ్వెంచర్. 1999 మార్చి 7న జపానులోని ఫుజి టెలివిజన్‌లో మొదలై, 54 భాగాలు నడిచి, 2000 మార్చి 26న ముగిసింది. వేసవి శిబిరానికి వెళ్ళిన ఏడుగురు పిల్లలు డిజిటల్ లోకమనే మరో లోకంలోకి వెళ్ళిపడతారు. అక్కడ ఒక్కొక్కరికీ ఒక్కొక్క వింతజీవి తోడవుతుంది. ఆ జీవులే డిజిమాన్లు. జలుబు చేసి శిబిరానికి వెళ్ళలేకపోయిన హికారి అనే చిన్నపిల్ల తరువాత వచ్చి చేరుతుంది. ఈ ఎనిమిది మంది కథలో మిగిలినదంతా వదిలి, నేరుగా చివరి భాగానికి వస్తాను.

మన పౌరాణిక నాటకాలలో రావణుడు పడిపోతే తెర కూడా పడిపోతుంది. ఇక్కడ మహాశత్రువైన అపోకలిమాన్ పీడ విరగడైన తరువాత కూడా కథ ఆగదు. నన్ను కట్టిపడేసింది ఆ తరువాతి కథే. అంతవరకూ మన లోకంలో ఒక నిమిషం గడిచేలోపు ఆ లోకంలో ఒక రోజు గడిచిపోయేది. ఆ లెక్కన ఇక్కడి ఒక్క రోజుకు అక్కడ దాదాపు నాలుగేళ్ళు. వేసవి సెలవులు ఇంకా మిగిలి ఉన్నాయి కనుక, తమ నేస్తాలతో కావలసినన్నేళ్ళు గడపవచ్చునని పిల్లలు సంబరపడతారు. అంతలోనే రెండు లోకాల కాలమూ సమానమైందనీ, ఆకాశంలో కనిపిస్తున్న సూర్యగ్రహణం విడిచేసరికి దారి మూసుకుపోతుందనీ తెలుస్తుంది. గ్రహణం ఎప్పుడు విడుస్తుందా, తలస్నానం చేసి ఎప్పుడు పొయ్యి వెలిగిద్దామా అని ఎదురుచూసే ఇళ్ళలో పెరిగినవాళ్ళం మనం. గ్రహణం విడవకుండా ఉంటే బాగుండునని నాకు అనిపించింది ఆ ఒక్క రోజే.

ఇక వీడ్కోళ్ళు. తన తోడైన గాబుమాన్ కోసం యమాటో అనే పిల్లవాడు తన మౌత్ ఆర్గాన్ వాయిస్తాడు. హికారి తన మెడలోని ఈలను తన తోడైన టెయిల్‌మాన్‌కు ఇస్తుంది. ఎవరి తీరు వారిది. ఒక్క మిమి అనే అమ్మాయికి మాత్రం వీడ్కోలు చెప్పే అవకాశమే దొరకదు. ఆమె తోడైన పాల్మాన్, తలమీద పువ్వు పూసిన ఆ మొక్క పిల్ల, ఎంత పిలిచినా బయటికి రాదు. కోపమేమీ లేదు. ఎదుట నిలబడితే విడిపోవడం నిజమైపోతుందన్న భయంతో దాక్కున్నది, అంతే. మిమి వెతుకుతుంది, పిలుస్తుంది, చివరకు మిగిలినవారితో కలిసి, తిరిగి మన లోకానికి చేర్చే రైలుపెట్టె ఎక్కి కూర్చుంటుంది.

పెట్టె కదిలిన తరువాత పాల్మాన్ పరుగెత్తుకుంటూ వస్తుంది. గమనించండి, కదిలిన తరువాత. మిమి పేరు పెట్టి పిలుస్తూ, క్షమించమని అరుస్తూ పరుగెత్తుతుంది, కాలు తడబడి పడుతుంది, మళ్ళీ లేస్తుంది. కిటికీలోంచి మిమి తొంగి చూస్తూ ఉండగా ఆమె పెద్ద టోపీ గాలికి ఎగిరిపోతుంది. ఏడాది పొడుగునా ప్రతి వారం మొదట్లో వినిపించిన, కోజీ వాడా అనే గాయకుడు పాడిన పాటే ఇక్కడ మళ్ళీ వినిపిస్తుంది. మాటలు అర్థం కాకపోయినా ఆ పాట గొంతుకు అడ్డం పడుతుంది. యుద్ధాలెన్నో గీసిన ఆ చిత్రకారులు వాటన్నిటికంటే ఈ టోపీని ఎక్కువ మనసు పెట్టి గీశారని నా అభిప్రాయం.

మా మేనకోడలికి అప్పుడు ఆరేళ్ళు. తెర మీదనుంచి చూపు తిప్పకుండానే, "మామయ్యా, పాల్మాన్ ఎందుకు దాక్కుందో నాకు తెలుసు" అన్నది. మా అక్క, నేను ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాము. మా బావ చెన్నైలో ఉద్యోగం చేస్తూ, నెలకొకసారి కావలి వచ్చి, పినాకిని ఎక్స్‌ప్రెస్‌లో తిరిగి వెళుతుండేవారు. బిడ్డ ఏడుస్తుందని, బజారుకు వెళ్ళి మలైకాజా తెస్తానని చెప్పి, సంచి ముందుగానే పక్కింట్లో పెట్టించి, మెల్లగా జారుకునేవారు. పిల్ల వాకిట్లో కాజా కోసం కూర్చునేది. నాలుగైదుసార్లు అలా జరిగాక, తండ్రి వచ్చిన రోజునుంచీ ఆయన చెప్పులు కనిపించకుండా పోవడం మొదలైంది. ఒకసారి బియ్యం డబ్బా వెనుక, ఒకసారి గ్యాస్ సిలిండరు పక్కన దొరికాయి.

అందుచేత తల్లిదండ్రులకు ఈ ఒక్క మాట మనవి చేస్తాను. ఊరికి వెళుతుంటే చెప్పి వెళ్ళండి. హాస్టలుకు పంపేటప్పుడైనా, పనికి వెళ్ళేటప్పుడైనా, ఏడిస్తే ఏడవనివ్వండి, కానీ చెప్పి వెళ్ళండి. చెప్పకుండా జారుకుంటే ఏడుపు మన కంటబడదు, అంతే. అది ఎటూ పోదు, వాకిట్లోనే ఉంటుంది.

ఆ నెలలో బావ మొదటిసారి, ఏ రోజు వెళతారో, మళ్ళీ ఏ రోజు వస్తారో క్యాలెండరు మీద ఎర్ర పెన్నుతో సున్నాలు చుట్టి కూతురికి చూపించారు. స్టేషనుకు కూడా తీసుకువెళ్ళారు. పిల్ల ప్లాట్‌ఫారం మీద పెట్టెలోని వారందరికీ వినపడేట్టు ఏడ్చింది. మరుసటి నెలలోనూ ఏడ్చింది. చెప్పులు దాచడం మాత్రం వెంటనే మానలేదు. కానీ మూడో నెలలో బావ వెతుక్కుంటే, ఒక చెప్పు గుమ్మం దగ్గరే ఉన్నది. దాచింది రెండోది మాత్రమే.