పేరు చెప్పని 28 లక్షల మంది

(జాతీయ ఓటర్ల దినోత్సవం నాడు ఒక డిగ్రీ కళాశాలలో చేసిన ప్రసంగం)

పెద్దలకు, తోటి అధ్యాపకులకు నమస్కారం. ఎదురుగా కూర్చున్న పిల్లలకు ఆశీస్సులు.

ప్రజాస్వామ్యం ఎలా పుట్టి పెరిగిందో చెప్పమన్నారు. అరగంటలో తెమిలే కథ కాదది. అందుకని ఒకే ఒక్క కాగితం గురించి మాట్లాడతాను. ఓటర్ల జాబితా. ముప్పై ఏళ్లకు పైగా బడిలో పాఠాలు చెప్పాను. ఎలక్షన్ డ్యూటీ పడిన ప్రతిసారీ నా చేతికొచ్చింది ఆ జాబితాయే. వరుస నంబరు, పేరు, తండ్రి పేరో భర్త పేరో, ఇంటి నంబరు, వయసు, అంతే. కానీ అందులో ఎవరి పేరు ఎప్పుడు ఎక్కిందో తెలుసుకుంటే మీరడిగిన చరిత్ర చాలావరకు తెలిసినట్టే.

గ్రీకుల నగరం ఏథెన్స్ గురించి మీ పుస్తకాల్లో చదివే ఉంటారు. క్రీస్తుపూర్వం 508 ప్రాంతంలో అక్కడ క్లీస్తనీస్ అనే నాయకుడి సంస్కరణలు వచ్చాయి. పౌరులు ప్నిక్స్ అనే గుట్ట మీద చేరి చేతులెత్తి నిర్ణయాలు చేసేవారు. 500 మంది సభ్యుల మండలిని చీట్లు తీసినట్టు ఎంచుకునేవారు. ఆ సభలో ఆడవాళ్లకు, బానిసలకు, బయటి ఊళ్ల నుంచి వచ్చి స్థిరపడ్డవాళ్లకు మాత్రం చోటు లేదు.

మనకు దగ్గర్లోనే, కాంచీపురం జిల్లా ఉత్తరమేరూరులో గుడి గోడ మీద ఒక శాసనం ఉంది. పదో శతాబ్దం, మొదటి పరాంతక చోళుడి కాలం నాటిది. ఊరిని 30 వార్డులు చేశారు. అర్హులైనవాళ్ల పేర్లు తాటాకు ముక్కల మీద రాసి కుండలో వేసి, ఒక పసివాడి చేత తీయించేవారు. ఇందులో నాకు బాగా నచ్చిన షరతు ఒకటుంది. పదవిలో ఉండి లెక్కలు అప్పజెప్పనివాడి పేరు మళ్లీ కుండలో వెయ్యరు, వాడి దగ్గరి బంధువుల పేర్లు కూడా వెయ్యరు. వెయ్యేళ్ల కిందటే ఆలోచించారు చూడండి! అయితే సొంత భూమి ఉండాలి, వేదం చదివి ఉండాలి. కూలి చేసుకునేవాడి పేరు ఆ కుండలో పడలేదు. ఏ ఆడమనిషి పేరూ పడలేదు.

ఆధునిక కాలంలోనూ పేర్లు ఒక్కసారిగా ఎక్కలేదు. న్యూజిలాండ్‌లో ఆడవాళ్లకు 1893లోనే ఓటొచ్చింది. బ్రిటన్‌లో మగవాళ్లతో సమానంగా రావడానికి 1928 దాకా పట్టింది. స్విట్జర్లాండ్‌లో దేశం మొత్తానికి జరిగే ఎన్నికల్లో 1971 దాకా రాలేదు.

మన దేశంలో బ్రిటిష్‌వాళ్లు చేసిన 1935 చట్టం కింద ఓటు ఆస్తికి, పన్నుకు, చదువుకు ముడిపడి ఉండేది. చాలామంది ఆడవాళ్లకు భర్త ఆస్తిని బట్టే ఓటు. అలాంటి దేశంలో రాజ్యాంగం 21 ఏళ్లు నిండిన ప్రతి ఒక్కరికీ ఓటు అంది. అనడం ఒక ఎత్తు, ఊరూరా తిరిగి పేర్లు రాయడం ఇంకో ఎత్తు. రాజ్యాంగం ఆమోదం పొందకముందే, 1948లోనే, ఆ పని మొదలుపెట్టారు. దేశం అప్పుడే రెండు ముక్కలై ఉంది. లక్షల మంది శరణార్థులు శిబిరాల్లో ఉన్నారు. ఏ ఊరివాళ్లని రాయాలి వాళ్లని? ఆ ప్రశ్న దగ్గర ఆగిపోకుండా వాళ్ల పేర్లూ రాశారు.

1950 మార్చిలో సుకుమార్ సేన్ మొదటి ప్రధాన ఎన్నికల కమిషనర్ అయ్యారు. చివరికి జాబితాలో తేలిన ఓటర్లు 17 కోట్ల 30 లక్షలు. వాళ్లలో ఎక్కువమందికి చదువు రాదు. అందుకే ఒక్కో అభ్యర్థికి ఒక్కో డబ్బా పెట్టి, దాని మీద గుర్తు అంటించారు. ఓటరు తన కాగితాన్ని నచ్చిన డబ్బాలో వేస్తే చాలు.

అసలు చిక్కు ఆడవాళ్ల పేర్ల దగ్గర వచ్చింది. బీహార్, ఉత్తరప్రదేశ్, రాజస్థాన్ లాంటి చోట్ల చాలామంది తమ పేరు బయటివాడికి చెప్పలేదు. ఫలానావారి భార్య, ఫలానావాడి తల్లి అని రాయించుకున్నారు. అలా రాస్తే కుదరదు, సొంత పేరు ఉండాల్సిందే అన్నారు సేన్. గడువు పొడిగించారు, నచ్చజెప్పారు. అయినా చెప్పనివాళ్లను జాబితా నుంచి తీసేశారు. దాదాపు 8 కోట్ల మంది మహిళా ఓటర్లలో సుమారు 28 లక్షల మంది అలా ఓటు పోగొట్టుకున్నారు.

మొదటిసారి ఈ సంగతి చదివినప్పుడు నాకు కోపమొచ్చింది. ఆచారం పెట్టింది ఊరు, శిక్ష ఆమెకా అనుకున్నాను. తరవాత మనసు మార్చుకున్నాను. ఎందుకు మార్చుకున్నానో చెబుతాను.

మన పల్లెల్లో ఆడవాళ్లు తమ పేరు చెబుతారు గానీ భర్త పేరు నోటితో పలకరు. ఒక ఎన్నికల్లో నేను జాబితా పట్టుకుని కూర్చున్నాను. ఒక ముసలమ్మ వచ్చింది. ఆ వార్డులో ఆ పేరు గలవాళ్లు ముగ్గురున్నారు. "మీ ఆయన పేరేంటమ్మా?" అన్నాను. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. వెనకున్న కోడలు మామ పేరు చెప్పలేక ఏజెంట్ల వైపు చూసింది. చివరికి ఒక ఏజెంటు అందుకున్నాడు. నేను వరుస నంబరు, పేరు పైకి చదివాను. "ఆఁ, నేనే" అంది గట్టిగా. ఎర్రపెన్నుతో ఆ పేరు కింద గీత గీశాను. ఆ గొంతు నాకింకా వినిపిస్తుంది. 'ఫలానావాడి భార్య' అని చదివి ఉంటే ఆమె అంత గట్టిగా పలికేది కాదు. సేన్ పట్టుబట్టింది ఇందుకే అనిపించింది. తరవాతి ఎన్నికల నాటికి చాలామంది సొంత పేర్లతోనే జాబితాలోకి వచ్చారు.

ఇంకో మాట. ఈ జాబితా రాసేది ఇంటి నంబర్ల వరుసన. పెద్దరికాన్ని బట్టి కాదు. నల్లగొండ జిల్లాలో నిన్నటిదాకా దొర ఉండే గడీ ముందు చెప్పులు చేత్తో పట్టుకుని నడిచినవాళ్లు, 1952లో దొర పేరున్న జాబితాలోనే తమ పేరూ చూసుకున్నారు. దొరల మీద, నిజాం మీద తెలంగాణ రైతులు చేసిన సాయుధ పోరాటం ఆగి కొన్ని నెలలే అయింది. ఆ ఎన్నికల్లో నల్లగొండ లోక్‌సభ స్థానంలో, ఆ పోరాట నాయకుల్లో ఒకరైన రావి నారాయణరెడ్డి గారికి 3,09,162 ఓట్లొచ్చాయి. నెహ్రూ గారికి వచ్చినవాటికంటే ఎక్కువ!

అదే నల్లగొండలో 1996లో 480 మంది లోక్‌సభకు పోటీ చేశారు. ఫ్లోరైడ్ నీళ్లు తాగి ఎముకలు వంగిపోతున్నా పట్టించుకోవడం లేదని, దేశం తమ వైపు చూడాలని నామినేషన్లు వేశారు. బ్యాలెట్ కాగితం పుస్తకమంత అయింది, పోలింగు వాయిదా పడింది. ఆ ఏడాదే లోక్‌సభ డిపాజిట్‌ను 500 నుంచి 10,000 రూపాయలకు పెంచారు. లెక్కింపు కష్టం నాకు తెలుసు, నేనూ ఆ పని చేసినవాణ్నే. అయినా ఆ పెంపు నాకిప్పటికీ మింగుడుపడదు. నీళ్ల కోసం నామినేషన్ వేసినవాడి దగ్గర పదివేలు ఎక్కణ్నుంచి వచ్చేవి?

ఇక మీ సంగతి. ఓటు వయసు 1989 నుంచి 18 అయింది. ఇప్పుడు జనవరి, ఏప్రిల్, జులై, అక్టోబర్ నెలల ఒకటో తేదీల్లో ఏ రోజుకు 18 నిండినా పేరు ఎక్కించుకోవచ్చు. 17 నిండినవాళ్లు ముందే దరఖాస్తు ఇవ్వొచ్చు. ఫారం 6 ఆ బల్ల మీద ఉంది.

అమ్మాయిలకు ప్రత్యేకంగా చెబుతున్నాను. పెళ్లయి వెళ్లాక పుట్టింటి జాబితాలో పేరు తీసేస్తారు, అత్తగారి ఊళ్లో ఎవరూ ఎక్కించరు. పోలింగు రోజు అలా వచ్చి వెనక్కి వెళ్లిన కొత్త కోడళ్లను నేను చాలామందిని చూశాను. ఇల్లు మారినప్పుడు ఇవ్వాల్సింది ఫారం 8. అదీ బల్ల మీదే ఉంది, ఒకటి తీసుకెళ్లి ఇంట్లో మీ వదినకో అక్కకో ఇవ్వండి. పేరు స్పెల్లింగ్ మాత్రం ఆమెనే అడిగి రాయండి.