అదే ముఖం, అదే గొంతు: రుడాల్ఫ్ హ్రుషిన్‌స్కీ

నమస్తే అండీ. ఈరోజు ఒక సినిమాకి కాదు, ఒక నటుడి జీవితానికే రివ్యూ చెప్పబోతున్నాను. చెక్ నటుడు రుడాల్ఫ్ హ్రుషిన్‌స్కీ. పుట్టింది 1920లో. నాటకాల కుటుంబం కాబట్టి ఈయనకి స్టేజీ కొత్తేం కాదు. 1960 నుంచి ప్రేగ్ నేషనల్ థియేటర్‌లో నటించాడు.

జనానికి బాగా దగ్గరైంది మాత్రం 1956లో, ష్వేక్ పాత్రతో. మొదటి ప్రపంచ యుద్ధంలో ఆస్ట్రియా సైన్యంలో ఇరుక్కున్న ఒక సామాన్యుడు ష్వేక్. పై అధికారి ఏం చెప్పినా చిత్తం అంటాడు. ఆ చిత్తంతోనే వాళ్ళ పరువు తీస్తాడు. గుండ్రటి ముఖం, అమాయకపు చూపు. చూస్తే ముద్దొస్తాడు.

ఇప్పుడు అసలు సంగతికి వద్దాం. యురై హెర్ట్స్ తీసిన 'ది క్రిమేటర్', 1969లో వచ్చిన బ్లాక్ అండ్ వైట్ సినిమా. 1930ల చివర్లో ప్రేగ్‌లో శవదహనశాలలో పనిచేసే కోప్ఫర్‌కింగ్ల్ కథ. మనిషి మర్యాదస్తుడు. భార్యాపిల్లల్ని తీపి మాటలతో తప్ప పిలవడు. దహనం చేస్తే ఆత్మకి విముక్తి అని గట్టిగా నమ్ముతాడు. నాజీలు దగ్గరయ్యాక, భార్యలో యూదు రక్తం ఉందని స్నేహితుడు చెవిలో వేశాక ఏం జరుగుతుందో నేను చెప్పను, చూడండి.

ఒక్క షాట్ మాత్రం చెప్పి తీరాలి. శవం తల దువ్వుతాడు. వెంటనే అదే దువ్వెనతో తన తల దువ్వుకుంటాడు! చేతిలో తడబాటు లేదు, ముఖంలో మార్పు లేదు. ఈ సినిమాలో ఆయన విలన్‌లా నటించడు, చాలావరకు గొంతు కూడా పెంచడు. ష్వేక్‌లో మనం ఇష్టపడ్డ ఆ మెత్తదనమే ఇక్కడ వణుకు పుట్టిస్తుంది. నా లెక్కలో ప్రపంచ సినిమాలోనే అతి గొప్ప నటనల్లో ఇదొకటి.

ఈ సినిమాని అప్పటి చెకోస్లోవేకియా కమ్యూనిస్టు ప్రభుత్వం మూలన పడేసింది. మళ్ళీ తెర మీదకి రావడానికి 1989లో ఆ ప్రభుత్వం పడిపోవాల్సి వచ్చింది. ఆయనకీ దెబ్బ తగిలింది. 1968లో సంస్కరణలు కోరుతూ వచ్చిన 'రెండు వేల మాటలు' ప్రకటన మీద సంతకం పెట్టాడు. ఆ సంస్కరణల్ని అణచడానికి ఆగస్టులో సోవియట్ ట్యాంకులు దేశంలోకి దిగాయి. తర్వాత కొన్నేళ్ళు సినిమా అవకాశాలు లేవు. మంచి వయసులో ఉన్న నటుడికి ఆ ఏళ్ళు ఎవరు తిరిగిస్తారు చెప్పండి?

అయినా తిరిగొచ్చాడు. యిర్జీ మెంజెల్ తీసిన 'మై స్వీట్ లిటిల్ విలేజ్' 1985లో వచ్చింది, ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్ళింది. అందులో ఈయన పల్లెటూరి డాక్టరు. కారు నడుపుతూ చుట్టూ ఉన్న అందం చూసి కవిత్వం చదువుతాడు, చదువుతూ చదువుతూ కారుని ఎక్కడో గుద్దేస్తాడు. ఎన్నిసార్లు చూసినా నవ్వొస్తుంది.

1990లో పార్లమెంటుకి ఎన్నికయ్యాడు. 1994లో కన్నుమూశాడు. కొడుకులిద్దరూ నటులే.

మొదట ఈ డాక్టర్ని చూడండి, ఇంటిల్లిపాదీ చూడొచ్చు. తర్వాత 'క్రిమేటర్'. అది మాత్రం పిల్లలు పడుకున్నాకే పెట్టుకోండి. చూశాక మీకు ఏ సీన్ దగ్గర ఒళ్ళు జలదరించిందో కామెంట్లలో రాయండి, నేను తప్పకుండా చదువుతాను.